మూసిన తలుపు తట్టింది స్త్రీలే

2025 జూన్ 24న తెలంగాణ హైకోర్టు ఒక తీర్పు చెప్పింది. ముస్లిం స్త్రీ ఖులా కోరుకుంటే దానికి భర్త ఒప్పుకోలు అక్కర్లేదనీ, అది ఆమెకున్న సంపూర్ణమైన హక్కనీ, ముఫ్తీ ఇచ్చే ఖులానామా సలహాలాంటిది మాత్రమేననీ న్యాయమూర్తులు మౌసుమీ భట్టాచార్య, బి.ఆర్. మధుసూదన్ రావుల ధర్మాసనం తేల్చింది. ఆ కేసులో భార్య 2020లోనే నగరంలోని ఒక షరయీ కౌన్సిల్ ద్వారా ఖులా పొందింది. ఆ కాగితం చెల్లదంటూ భర్త ఫ్యామిలీ కోర్టుకెక్కాడు. అక్కడ ఓడి హైకోర్టుకొచ్చాడు. అక్కడా ఓడాడు. ఒక స్త్రీ "నాకీ కాపురం వద్దు" అని చెప్పిన మాటను నిజమని ఒప్పించడానికి అయిదేళ్లు పట్టింది.

ఈ తీర్పు గురించి పేపర్లు ఒకటి రెండు రోజులు రాసి వదిలేశాయి. మనం అలా వదిలెయ్యలేం. బస్తీల్లో పనిచేసే కార్యకర్తలందరికీ తెలిసిన సంగతే ఇది: మగవాడు విడాకులివ్వాలనుకుంటే నోటిమాటతో సరిపెట్టాడు. అదే ఆడది అడిగితే ఖాజీ దగ్గరకు పొమ్మంటారు, ఖాజీ భర్త సంతకం తెమ్మంటాడు, భర్త "మెహర్ వదులుకో, పిల్లల ఖర్చు అడగనని రాసియ్యి, నగలు వదులుకో" అంటాడు. అన్నీ వదులుకుంటానన్నాక కూడా సంతకం పెట్టకుండా ఊరుకుంటాడు. తను ఇంకో పెళ్లి చేసుకుంటాడు. ఆమె అటు పెళ్లామూ కాదు, ఇటు ఒంటరి స్త్రీ కూడా కాదు. భార్యను ఇలా వేలాడదీసి ఉంచవద్దని ఖురాన్ నాలుగో అధ్యాయంలో స్పష్టంగా ఉంది. మన ఊళ్లో వేలాడుతున్న స్త్రీలు ఎంతమందో లెక్క తీసినవాళ్లు లేరు.

ఈ తీర్పులో మనం గమనించాల్సిన విషయం ఇంకొకటుంది. జడ్జిలు కొత్త హక్కునేదీ సృష్టించలేదు. ఉన్నదాన్నే దుమ్ము దులిపి చూపించారు. ఖులాకు ఆధారం ఖురాన్ రెండో అధ్యాయంలోనే ఉంది. హదీసుల్లో సాబిత్ బిన్ ఖైస్ భార్య కథ ఉంది. ఆమె ప్రవక్త దగ్గరకొచ్చి, తన భర్త నడవడిలోగానీ ధర్మంలోగానీ లోపం లేదనీ, అయినా అతనితో బతకలేననీ చెప్పింది. మెహరుగా ఇచ్చిన తోటను తిరిగిస్తావా అని ఆయన అడిగితే ఇస్తానంది. తోట తీసుకుని ఆమెను విడిచిపెట్టమని ప్రవక్త ఆ భర్తతో చెప్పారు. అంతే. ఆమె దెబ్బలు చూపించాల్సి రాలేదు, సాక్షులను తేవాల్సి రాలేదు. పధ్నాలుగు వందల ఏళ్ల కిందట ఒక స్త్రీకి ఒక్క మాటలో దొరికినది, ఇవాళ హైదరాబాదులో అయిదేళ్ల కోర్టు తిరుగుళ్ల తర్వాత గానీ దొరకలేదంటే మధ్యలో ఏం జరిగింది?

మధ్యలో జరిగింది మగవాళ్ల వ్యాఖ్యానం. ఖురాన్ వేరు, ఫిఖా వేరు. ఫిఖా అంటే ఆయా కాలాల్లో, ఆయా సమాజాల్లో పండితులు కూర్చుని తీర్చిదిద్దిన ధర్మశాస్త్రం. హనఫీ, మాలికీ, షాఫయీ, హంబలీ అని సున్నీలలోనే నాలుగు సంప్రదాయాలున్నాయి. షియాలది వేరు. ఒకే విషయం మీద వీటిలో ఒకదానికొకటి పొంతన లేని తీర్పులు కనిపిస్తాయి. దేవుడి మాట ఒక్కటే అయితే తీర్పులిన్ని ఎందుకున్నాయి? మనుషులు చెప్పారు కాబట్టి. మనుషులు చెప్పినదాన్ని మనుషులు మళ్లీ ఆలోచించవచ్చు. ఆ ఆలోచించడానికి ఇస్లాంలోనే ఒక పేరుంది: ఇజ్తెహాద్. మూలగ్రంథాలను ముందు పెట్టుకుని, మారిన కాలానికి తగిన తీర్పును సొంత బుద్ధితో వెదకడం. కొన్ని శతాబ్దాల కిందట ఇజ్తెహాద్ తలుపులు మూసుకుపోయాయనీ, ఇక పాతవాళ్లు చెప్పిందే చేయాలనీ ఒక నమ్మకం స్థిరపడింది. ఆధునిక కాలంలో ఇస్లామీ ఆలోచనలో వచ్చిన సంస్కరణ అంతా ఆ తలుపు మళ్లీ తెరవాలన్న పెనుగులాటే.

ఆ పెనుగులాట ఎక్కడో కైరోలోనో ఇస్తాంబుల్లోనో జరిగిందనుకుంటాం. మనకు కూతవేటు దూరంలో కూడా జరిగింది. మన కాచిగూడ నుంచి కోఠీ మీదుగా ఆబిడ్స్ పోతే అక్కడ చిరాగ్ అలీ లేన్ ఉంది. సామాను కొనడానికి ఆ గల్లీలోకి వెళ్లేవాళ్లలో ఆ చిరాగ్ అలీ ఎవరో తెలిసినవాళ్లు తక్కువ. మౌల్వీ చిరాగ్ అలీ (1844-1895) నిజాం సర్కారులో పెద్ద ఉద్యోగి. సర్ సయ్యద్ అహ్మద్ ఖాన్ సహచరుడు. 1883లో ఆయన ఇంగ్లీషులో ఒక పుస్తకం అచ్చువేశారు. తుర్కీ సామ్రాజ్యంలోనూ ఇతర ముస్లిం రాజ్యాలలోనూ రావలసిన రాజకీయ, న్యాయ, సాంఘిక సంస్కరణల గురించి రాసిన పుస్తకమది. షరియత్ పేరుతో చెలామణీ అవుతున్న చట్టంలో చాలా భాగం పండితులు కూర్చినదే తప్ప మార్చరానిది కాదని ఆయన వాదించారు. బహుభార్యాత్వం సంగతికొస్తే, భార్యలందరినీ సమానంగా చూడగలిగితేనే అని షరతు పెట్టిన వాక్యాన్నీ, మీరెంత కోరుకున్నా అలా సమానంగా చూడలేరని చెప్పిన వాక్యాన్నీ పక్కపక్కన పెట్టి, ఖురాన్ బహుభార్యాత్వాన్ని నిజానికి రద్దు చేసిందని తేల్చారు. 1956లో ట్యునీషియా బహుభార్యాత్వాన్ని చట్టంతో నిషేధించినప్పుడు అక్కడి పాలకులు చెప్పుకున్న సమర్థన కూడా ఇదే. అంటే ఆబిడ్స్ గల్లీ పేరుగా మిగిలిపోయిన మనిషి ఆ మాటను డెబ్భై ఏళ్ల ముందే చెప్పాడు. కానీ ఇంగ్లీషులో చెప్పాడు. పాలకులకు, పండితులకు చెప్పాడు. సవతి పోరు పడుతున్న స్త్రీ చెవిన ఆ మాట పడే దారి లేదు.

ఆ దారి వెయ్యాలని చూసినవాళ్లూ ఇక్కడ ఉన్నారు. పందొమ్మిదో శతాబ్దం చివరి రోజుల్లో మౌల్వీ ముహిబ్ హుసేన్ ఈ నగరం నుంచే "మువల్లిమె నిస్వాన్" అనే ఉర్దూ స్త్రీల పత్రిక నడిపారు. స్త్రీల చదువు కోసం రాశారు. తమ చుట్టూ ఉన్న పెద్ద కుటుంబాలలో పాటించే ఘోషాకు మతంలో ఆధారం లేదని రాశారు. వ్యతిరేకత పెరిగి 1901లో పత్రిక ఆగిపోయింది. ఆ తర్వాత స్త్రీలే కలం పట్టుకున్నారు. సుఘ్రా హుమాయూన్ మీర్జా (1884-1958) నవలలు రాశారు, యాత్రాకథనాలు రాశారు, స్త్రీల పత్రికలకు సంపాదకత్వం వహించారు, ఘోషా వదిలి సభల్లో మాట్లాడారు, 1934లో ఆడపిల్లల కోసం సఫ్దరియా పాఠశాల పెట్టారు. 1924లో ఆడపిల్లల కోసం మొదలైన కాలేజీ తర్వాత కోఠీ రెసిడెన్సీ భవనానికి వచ్చింది. ఇప్పుడది చాకలి ఐలమ్మ పేరుతో మహిళా విశ్వవిద్యాలయం. ఈ చరిత్రను మన స్త్రీల ఉద్యమ చరిత్రలో చేర్చుకోవాలి. సంఘ సంస్కరణ అనగానే వీరేశలింగం గారితో మొదలుపెట్టి గురజాడతో ముగించే అలవాటు మనకుంది. అదే కాలంలో, అవే ప్రశ్నలతో, ఇంకో భాషలో, పక్క వీధిలో వాదనలు నడిచాయి.

1929 జనవరిలో ముహమ్మద్ ఇక్బాల్ మద్రాసు, మైసూరు మీదుగా హైదరాబాదు వచ్చి ఇస్లాంలో మతచింతన పునర్నిర్మాణం గురించి ఉపన్యాసాలిచ్చారు. అవి మరికొన్నిటితో కలిసి 1930లో పుస్తకంగా వచ్చాయి. ఇజ్తెహాద్ గురించిన అధ్యాయంలో ఆయన ఒక చేదు నిజం రాశారు. పంజాబులో దుర్మార్గులైన భర్తల నుంచి బయటపడడానికి ముస్లిం స్త్రీలు మతాన్నే వదులుకోవాల్సి వస్తోందని. హనఫీ ధర్మశాస్త్రం ప్రకారం భర్త కనిపించకుండా పోయినా, తిండి పెట్టకపోయినా, హింసించినా భార్యకు కోర్టు ద్వారా విడిపోయే మార్గం దాదాపు లేదు. కనిపించకుండా పోయిన భర్త ఈడు వాళ్లందరూ చనిపోయేంత కాలం ఆమె ఎదురు చూడాలి. మతం మారితే మాత్రం పెళ్లి దానంతటదే రద్దవుతుంది. స్త్రీలు ఆ సందు కనిపెట్టారు. మతం వదిలారు, మొగుడి నుంచి బయటపడ్డారు.

ఇది ఇస్లామీ సంస్కరణ చరిత్రలో అందరూ చదవాల్సిన ఘట్టమని మా అభిప్రాయం. అప్పుడు కదిలింది ఆధునిక విద్యావంతులే కాదు. దేవబంద్ సంప్రదాయానికి చెందిన, ఛాందసుడని పేరున్న మౌలానా అష్రఫ్ అలీ థాన్వీ కూడా కదిలారు. 1931లో ఆయన రాసిన గ్రంథం, హనఫీలు ఈ విషయంలో మాలికీ సంప్రదాయాన్ని అనుసరించవచ్చని తేల్చింది. మాలికీల దగ్గర నాలుగేళ్ల నిరీక్షణతో దారి దొరుకుతుంది. ఆ ప్రాతిపదిక మీదే 1939లో ముస్లిం వివాహాల రద్దు చట్టం వచ్చింది. భర్త నాలుగేళ్లు జాడ లేకపోవడం, రెండేళ్లు పోషించకపోవడం, ఏడేళ్ల జైలు శిక్ష పడడం, మూడేళ్లు దాంపత్య ధర్మం నెరవేర్చకపోవడం, క్రూరత్వం వంటి కారణాలతో స్త్రీ కోర్టులో విడాకులు పొందవచ్చు. హిందూ స్త్రీకి దేశమంతటా విడాకుల హక్కు వచ్చింది 1955లో అని గుర్తు పెట్టుకోవాలి. పండితులు తలుపు తెరిచారు, నిజమే. కానీ తట్టి తట్టి తెరిపించింది పేర్లు కూడా మిగలని ఆ పంజాబు స్త్రీలు. వాళ్లు తిరగబడకపోతే ఆ గ్రంథమూ లేదు, ఆ చట్టమూ లేదు.

అయితే ఆ చట్టం చేసిన కాలంలోనే ఇంకో సంగతీ జరిగింది. 1937 షరియత్ చట్టం, ఆచారాలను పక్కకు తోసి ముస్లింలకు షరియత్ వర్తింపజేసింది. ఆడపిల్లకు ఆస్తిలో వాటా దక్కుతుందని స్త్రీలు సంతోషించారు. కానీ చట్టం నుంచి వ్యవసాయ భూమిని మినహాయించారు. అసలు ఆస్తి అంతా భూమిలో ఉన్న దేశంలో భూమిని తీసేసి మిగతాదానికి షరియత్ అన్నారు. దైవవాక్కు పొలం గట్టు దగ్గర ఆగిపోయింది! మతం ఎక్కడ మొదలై ఎక్కడ ఆగాలో నిర్ణయించేది ఎవరి ప్రయోజనాలో తెలుసుకోవడానికి ఈ ఒక్క ఉదాహరణ చాలు.

ఇంకో హెచ్చరిక కూడా చెప్పుకోవాలి. పునరుద్ధరణ అన్న ప్రతిదీ స్త్రీలకు మేలు చేసేది కాదు. ఇస్లాహ్ అంటే సరిదిద్దడం, తజ్దీద్ అంటే కొత్త చేయడం. ఈ రెండు మాటలనూ అందరూ వాడుకున్నారు. ఈజిప్టులో ముహమ్మద్ అబ్దూ బహుభార్యాత్వాన్ని ఖండించిందీ ఈ మాటలతోనే, ఆయన శిష్యవర్గంలోని ఖాసిం అమీన్ 1899లో స్త్రీ విమోచన గురించి పుస్తకం రాసిందీ ఈ మాటలతోనే. మన హైదరాబాదు సంస్థానంలోని ఔరంగాబాదులో 1903లో పుట్టి, ఈ నగరంలోనే పత్రికా సంపాదకుడిగా ఉండి, తర్వాత జమాతె ఇస్లామీ స్థాపించిన మౌలానా మౌదూదీ కూడా పునరుద్ధరణ గురించే రాశారు. పాతవాళ్లను గుడ్డిగా అనుసరించడం తగదనే ఆయనా అన్నారు. కానీ స్త్రీల దగ్గరకొచ్చేసరికి పరదాను సమర్థిస్తూ ఒక పుస్తకమే రాశారు. పాత పండితుడి స్థానంలో కొత్త పండితుడు కూర్చున్నాడు గానీ ఆమెను ఇంట్లోనే కూర్చోబెట్టాడు. కాబట్టి సంస్కరణ అన్న మాట వినగానే మనం అడగాల్సిన ప్రశ్న ఒకటే. దీనివల్ల ఆమె చేతికి ఏం వచ్చింది?

పందొమ్మిదో శతాబ్దపు సంస్కర్తలు, ఏ మతంవారైనా, స్త్రీల గురించి మాట్లాడారు. ఇరవయ్యో శతాబ్దం చివర్లో స్త్రీలు మాట్లాడడం మొదలుపెట్టారు. ఈ తేడా పెద్దది. మొరాకోకు చెందిన ఫాతిమా మెర్నిస్సీ 1987లో స్త్రీ వ్యతిరేక హదీసులను ఎవరు, ఎప్పుడు, ఏ రాజకీయ అవసరం కోసం బయటపెట్టారో ఒక్కొక్కటే విప్పి చూపించారు. అమీనా వదూద్ 1992లో స్త్రీ దృష్టి నుంచి ఖురాన్ పఠనం ఎలా ఉంటుందో రాశారు. 2005లో న్యూయార్కులో స్త్రీ పురుషులు కలిసి చేసిన శుక్రవారం నమాజుకు నాయకత్వం వహించారు. దానిమీద ప్రపంచమంతా గగ్గోలు పుట్టింది. స్త్రీ ఇమాముగా ఉండడం కనీవినీ ఎరగనిదన్నారు. కానీ ఉమ్మె వరఖా అనే స్త్రీని ఆమె ఇంటివారికి నమాజు చేయించమని ప్రవక్త చెప్పినట్టు హదీసు ఉంది. హైదరాబాదులో పుట్టి పారిస్‌లో స్థిరపడిన మహాపండితుడు డాక్టర్ ముహమ్మద్ హమీదుల్లా ఆ సంగతిని ఎప్పుడో చర్చించారు. 2004లో మొరాకో స్త్రీల సంఘాల పోరాటం ఫలితంగా కుటుంబ చట్టం మారింది. ఆడపిల్ల పెళ్లి వయసు 18కి పెరిగింది, కుటుంబ బాధ్యత భార్యాభర్తలిద్దరిదీ అయింది. 2009లో కౌలాలంపూర్‌లో "ముసావా" అనే అంతర్జాతీయ వేదిక పుట్టింది. ముసావా అంటే సమానత్వం.

మన దేశంలో తమిళనాడు పుదుక్కోట్టైలో దావూద్ షరీఫా ఖానం స్త్రీల జమాత్ నడిపారు. మగవాళ్ల జమాత్‌లో ఆడవాళ్ల గొడవ విచారిస్తారు గానీ ఆ ఆడమనిషిని లోపలికి రానివ్వరు కదా, అందుకని. 2007లో ఏర్పడిన భారతీయ ముస్లిం మహిళా ఆందోళన్ నమూనా నిఖానామా తయారు చేసింది, ముంబయిలో హాజీ అలీ దర్గాలోకి స్త్రీల ప్రవేశం కోసం కోర్టులో గెలిచింది. మన పాతబస్తీలో కవయిత్రి జమీలా నిషాత్ 2002లో "షాహీన్" స్థాపించి హింస ఎదుర్కొంటున్న స్త్రీలతో పనిచేస్తున్నారు. 2003లో పాతబస్తీలోనే జామియతుల్ మోమినాత్‌లో ముఫ్తీ చదువు పూర్తి చేసిన స్త్రీలతో, స్త్రీల ప్రశ్నలకు ఫత్వాలిచ్చే బృందం ఏర్పడింది. ఈ మదరసా స్త్రీవాద సంస్థ కాదు. అక్కడి ఫత్వాలు సంప్రదాయాన్ని దాటి పోవాలని ఆశించడం అమాయకత్వం. అయినా నెలసరి గురించీ, పడకగది బాధ గురించీ ఒక స్త్రీ ఇంకో స్త్రీని అడగగలగడం చిన్న విషయం కాదు. పుస్తకం తెరవడం నేర్చినవాళ్లు ఎల్లకాలం పాత అర్థాలతోనే తృప్తి పడరు.

ఇక తెలుగు సాహిత్యంలో 1998లో వచ్చిన "జల్‌జలా" నుంచి షాజహానా "నఖాబ్" దాకా ముస్లిం గొంతులు రెండు వైపులా పోరాడాయి. బయట తమను పరాయివాళ్లుగా చూసేవారితో, లోపల తమను అణిచేవారితో. ఆ రెండు వైపుల పోరాటమే ముస్లిం స్త్రీ ప్రశ్నలోని అసలు చిక్కు.

ఆ చిక్కును షా బానో కేసు బయట పెట్టింది. 1985లో సుప్రీంకోర్టు ఆ వృద్ధురాలికి మనోవర్తి ఇప్పించింది. దాన్ని అడ్డం పెట్టుకుని ఒక వైపు ముల్లాలు మతం ప్రమాదంలో పడిందన్నారు. రెండో వైపు హిందూ మతతత్వవాదులు ముస్లిం స్త్రీల మీద లేని ప్రేమ ఒలకబోశారు. రాజీవ్ గాంధీ ప్రభుత్వం 1986లో చట్టం చేసి తల వంచింది. విచిత్రమేమంటే, ఆ చట్టాన్నే 2001లో డానియల్ లతీఫీ కేసులో సుప్రీంకోర్టు స్త్రీకి అనుకూలంగా అర్థం చెప్పింది. ఇద్దత్ కాలంలోపే ఆమె జీవితకాలానికి సరిపడా ఏర్పాటు చేయాలంది. 2017లో షాయరా బానో కేసులో ముమ్మారు తలాఖ్ చెల్లదంది. 2024 జూలై 10న మన తెలంగాణ నుంచి వెళ్లిన కేసులోనే, విడాకులు పొందిన ముస్లిం స్త్రీ కూడా మిగతా స్త్రీలందరిలాగే క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 125 సెక్షన్ కింద మనోవర్తి అడగవచ్చని న్యాయమూర్తులు నాగరత్న, అగస్టీన్ జార్జ్ మసీహ్ తేల్చి చెప్పారు. ఆ సెక్షన్ ఇప్పుడు కొత్త సంహితలో 144గా ఉంది. ఇవన్నీ ఒంటరి స్త్రీలు కోర్టు మెట్లెక్కి తెచ్చుకున్నవి.

1973 ఏప్రిల్‌లో ఈ హైదరాబాదులోనే ఏర్పడిన ముస్లిం పర్సనల్ లా బోర్డు ఈ అరవై డెబ్భై ఏళ్ల మార్పును గుర్తించడానికి ఇష్టపడడం లేదు. ఖులాకు భర్త సమ్మతి కావాలనే 2022లో కేరళ హైకోర్టు తీర్పు మీద కూడా బోర్డు వాదించింది. 1967లోనే పాకిస్తాన్ సుప్రీంకోర్టు, 2000లో ఈజిప్టు చట్టం భర్త సమ్మతి లేకుండా ఖులా ఇవ్వవచ్చన్నాయి. అక్కడ ఇస్లాంకు రాని ప్రమాదం ఇక్కడ ఎందుకొస్తుంది? "మేం ఇక్కడ మైనారిటీలం, మా మీద దాడి జరుగుతోంది" అన్నది వారి జవాబు. దాడి జరుగుతోందన్నది నిజం. కానీ ఆ దాడికి కవచంగా ప్రతిసారీ ఆడదాన్నే ముందు నిలబెట్టడం న్యాయం కాదు.

దాడి నిజమని ఎందుకంటున్నామంటే, 2019లో వచ్చిన చట్టాన్ని చూడండి. ముమ్మారు తలాఖ్ చెప్పినవాడికి మూడేళ్ల దాకా జైలు. చెల్లని మాట చెప్పినందుకు జైలెందుకు? జైల్లో ఉన్నవాడు మనోవర్తి ఎక్కడినుంచి తెస్తాడు? పెళ్లాన్ని చెప్పాపెట్టకుండా వదిలేసి పోయిన హిందూ భర్తకు అలాంటి శిక్ష లేదు. వేలాడే స్త్రీలు అన్ని మతాల్లోనూ ఉన్నారు. అందుకే ఉమ్మడి పౌరస్మృతి అన్న నినాదాన్ని కూడా మనం జాగ్రత్తగా చూడాలి. ఒకప్పుడు స్త్రీల సంఘాలు కోరిన కోరికే అది. బాబ్రీ మసీదు కూల్చివేత తర్వాతి రోజుల్లో దాన్ని ఎవరు ఎత్తుకున్నారో చూశాక చాలా సంఘాలు మళ్లీ ఆలోచించాయి. 1997లో మన హైదరాబాదు "అన్వేషి" మిత్రులు, స్త్రీకి న్యాయం అనేది చట్టం ఒక్కదాని సమస్యేనా అని అడిగారు. 2018లో లా కమిషన్ కూడా ప్రస్తుత దశలో అది అవసరమూ కాదు, వాంఛనీయమూ కాదంది. అయినా 2025లో ఉత్తరాఖండ్‌లో అమల్లోకి వచ్చేసింది. హిందూ చట్టం ఆదర్శమేమీ కాదు. మన రాష్ట్రంలో 1986 సవరణ దాకా, దేశమంతటా 2005 దాకా హిందూ ఆడపిల్లకు ఉమ్మడి ఆస్తిలో పుట్టుకతో వాటా లేదు. చట్టం వచ్చాక కూడా ఆ వాటా ఎందరికి దక్కిందో మనకు తెలుసు.

"హక్కులు రాజ్యాంగం నుంచి రావాలి గానీ మతగ్రంథం నుంచి ఎందుకు వెదకాలి?" అని మనలో చాలామంది అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. ఒక వాక్యానికి మంచి అర్థం దొరికేదాకా ఆడదాని హక్కు ఆగకూడదు. దొరక్కపోతే హక్కు లేకుండా పోకూడదు. ఈ విషయంలో మాకు సందేహం లేదు. కానీ రాత్రిపూట ఇంట్లో అత్తతో, అన్నతో, మసీదు కమిటీతో వాదించేటప్పుడు ఆమెకు పధ్నాలుగో అధికరణం ఒక్కటే సరిపోదు. "నేను పాపం చేయడం లేదు, నా దీన్ నాకిచ్చిందే అడుగుతున్నాను" అనే ధైర్యం కావాలి. ఆ ధైర్యాన్ని వెక్కిరించే అధికారం మనకు లేదు. కోర్టులో రాజ్యాంగం, ఇంట్లో ఖురాన్, రెండూ ఆమె చేతిలో ఉండాలి. ఏది ఎప్పుడు వాడాలో ఆమే నిర్ణయించుకుంటుంది.

మతంతో ఏ సంబంధం లేని బాధలూ ఉన్నాయి. జోడే కీ రఖం ఏ ఆయత్‌లోనూ లేదు. పెళ్లికొడుకే మెహర్ ఇవ్వాల్సిన ధర్మంలో పెళ్లికూతురి తండ్రి అప్పులపాలవుతున్నాడు. 1991లో ఒక అరబ్బు వృద్ధుడు పెళ్లి పేరుతో విమానంలో తీసుకుపోతున్న హైదరాబాదు చిన్నారిని ఒక ఎయిర్ హోస్టెస్ కాపాడినప్పుడు దేశమంతా కదిలింది. 2017లో మళ్లీ ఇదే నగరంలో ఒమన్, ఖతార్ల నుంచి వచ్చిన వృద్ధులనూ, ఖాజీలనూ పోలీసులు అరెస్టు చేశారు. పాతికేళ్లలో మారనిది పేదరికం. ఈ ముసుగు పెళ్లిని నిఖా అని రాసిచ్చిన ఖాజీని నిలదీయడం మత సంస్కరణలో భాగమే. ఆ తల్లి చేతికి పని, పిల్ల చేతికి పుస్తకం ఇవ్వకుండా ఆ సంస్కరణ పూర్తికాదు.

కాబట్టి మిత్రులారా, ఈ తీర్పును చేతబట్టుకుని మనం చేయాల్సిన పనులు కొన్ని ఉన్నాయి.

మొదటిది, ఖులా అనగానే తొందరపడొద్దు. భర్త కొడుతున్నా, పోషించకపోయినా 1939 చట్టం కింద విడాకులడిగితే మెహర్ హక్కు పోదు; ఆ చట్టమే ఆ మాట చెబుతోంది. ఖులాలో సాధారణంగా మెహర్ వదులుకోవాలి. తప్పు భర్తదైనప్పుడు అతను భార్య నుంచి ఏదైనా తీసుకోవడం తగదని హనఫీ పండితులే అన్నారు. ఈ తేడా తెలియక ఎందరో స్త్రీలు ఉన్న హక్కును వదులుకుంటున్నారు. మనోవర్తికీ, గృహహింస చట్టం కింద రక్షణకూ మతంతో పని లేదని కూడా ఆమెకు చెప్పాలి.

రెండోది, ఖులా కోరినప్పుడు ఆ కోరికను రాతపూర్వకంగా పంపించాలి. రాజీ కోసం జరిగిన ప్రయత్నాన్నీ, మెహర్ తిరిగిస్తానన్న మాటనూ కాగితం మీద ఉంచుకోవాలి. ఫ్యామిలీ కోర్టు చూడాల్సింది ఈ విషయాలనేననీ, సుదీర్ఘ విచారణ అక్కర్లేదనీ హైకోర్టు చెప్పింది. స్త్రీలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయసహాయం 1987 చట్టం ప్రకారమే ఉంది.

మూడోది, గొడవ వచ్చాక కాదు, పెళ్లప్పుడే నిఖానామా మీద దృష్టి పెట్టాలి. ఇస్లాంలో పెళ్లి ఒప్పందం. ఒప్పందంలో షరతులు రాసుకోవచ్చు. రెండో పెళ్లి చేసుకుంటే, పోషించకపోతే విడిపోయే అధికారం భార్యకే ఇచ్చేలా రాయించుకోవచ్చు. దాన్ని తలాఖె తఫ్వీజ్ అంటారు. మెహర్ ఎంతో, ఎప్పుడివ్వాలో స్పష్టంగా రాయించాలి. ఆ కాగితం నకలు పెళ్లికూతురి దగ్గర ఉండాలి.

నాలుగోది మాకు అన్నిటికంటే ముఖ్యం అనిపిస్తుంది. ఈ చర్చంతా ఉర్దూలో, అరబ్బీలో, ఇంగ్లీషులో జరుగుతోంది. గుంటూరులో, కర్నూలులో, నల్లగొండలో ఉన్న దూదేకుల, నూర్‌బాషా స్త్రీ తెలుగే మాట్లాడుతుంది. ఆమెకు మతం అంటే ఊరి మౌల్వీ నోటి నుంచి విన్నదే. ఖురాన్‌ను తెలుగులోకి చిలుకూరి నారాయణరావు గారు తెచ్చి ఎన్నో దశాబ్దాలైంది, తర్వాత మరికొన్ని అనువాదాలొచ్చాయి. కానీ వివాహం, విడాకులు, వారసత్వం మీద స్త్రీల వైపు నుంచి రాసిన చిన్న పుస్తకాలు, వాటిని కలిసి చదివే బృందాలు మనకు లేవు. చిరాగ్ అలీ పుస్తకం ఇంగ్లీషులో ఆగిపోయినట్టు ఈ తీర్పు కూడా ఇంగ్లీషులోనే ఆగిపోకూడదు. ముస్లిం మిత్రులు ముందుండి చదువుతారు, చెబుతారు. మిగతావాళ్లం పక్కన నిలబడి పనికొస్తాం. వాళ్ల తరఫున మాట్లాడడం మన పని కాదు.

ఇజ్తెహాద్ తలుపులు మూసినవాళ్లు పండితులైతే కావచ్చు. వాటిని తెరిచే అధికారం కూడా పండితులకే ఉందని ఒప్పుకోవాల్సిన అవసరం లేదు. తోటను తిరిగిచ్చేసి స్వేచ్ఛగా నడిచివెళ్లిన ఆ మొదటి స్త్రీ ఏ ముఫ్తీ దగ్గరా ధ్రువీకరణ పత్రం తీసుకోలేదు. ఇప్పుడు పాతబస్తీలో, ప్రతి జిల్లాలో ఆమె అడిగినదే అడుగుతున్న స్త్రీలున్నారు. వాళ్లు ఇంకో అయిదేళ్లు ఎదురు చూడకుండా చేయడమే ప్రస్తుతం మన ముందున్న పని.

కాచిగూడ, హైదరాబాద్
— సంపాదకవర్గం